గంగులప్ప కప్పిన షెడ్డు

పుంగనూరు దగ్గర రెడ్డెమ్మకు పట్టుపురుగుల షెడ్డు ఒకటి ఉండేది. గోడలూ కప్పూ అన్నీ చెక్కలే. ఎనభై ఆరులో కప్పు పలకలు ఎండకు నెర్రెలిచ్చి, వాన పడితే నీళ్లు పురుగుల తట్టల్లోకే కారడం మొదలైంది. పైన బోదగడ్డి కప్పిద్దామని ఆమె పాపక్కను పిలిపించింది. పాపక్క ఇరవై ఏళ్లుగా చుట్టుపక్కల ఊళ్లలో కొట్టాలు కప్పుతున్న మనిషి.

ఇంతలో రెడ్డెమ్మ మరిది గంగులప్ప దిగాడు. మదనపల్లెలో ఒక కాంట్రాక్టరు సిమెంటు బస్తాలకు రెండేళ్లు కాపలా కాసి, తానూ ఇంజనీరే అనుకునే రకం. బస్సు మీది నుంచి నల్లటి చుట్టలు నాలుగు దింపించాడు.

"బోదంట, బోద! ఇది బెంగుళూరు తారు షీటు, వదినా. తారు కాసే పనే లేదు. వెనక కాగితం పీకితే జిగురుంటాది. ఒత్తితే సాలు," అన్నాడు.

మరిది మాట మీద రెడ్డెమ్మకు ఏనాడూ నమ్మకం లేదు. కానీ షీటు చేత్తో పట్టి చూస్తే గట్టిగానే ఉంది. సరేనంది.

మరునాడు పొద్దున్నే, పలకల మీద మంచు ఆరకముందే, గంగులప్ప ప్యాంటు మడిచి కప్పెక్కాడు. దుమ్మైనా ఊడవలేదు. కప్పు నడినెత్తిన, కొప్పు దగ్గర మొదటి వరస పరిచి, దాని మీదికి తర్వాతి వరస అంచు తెచ్చి అతికిస్తూ కిందికి దిగసాగాడు.

పాపక్క చూస్తూ ఊరుకోలేకపోయింది. "కాదప్పా, కింద సూరు కాడ మొదులుపెట్టి పైకి పోవాల. పై వరస కింది దాని మీదికి రావాల. లేకుంటే నీళ్లు సందులోకి పోతాయి."

"గడ్డి కప్పేదానికి షీటు సంగతి నీకేం తెలుసు మే? పో, పేడ ఎత్తుకోపో."

పాపక్క నోట్లోని వక్క తుపుక్కున ఉమ్మి, కొంగు దులుపుకుని వెళ్లిపోయింది. గుమ్మంలో నిలబడిన రెడ్డెమ్మ ఆమెను ఆపలేదు.

పదిరోజులకు మధ్యాహ్నం వాన దంచింది. ప్రతి అతుకులోనూ నీళ్లు దూరాయి. గాలికి షీట్లు లేచి కొట్టుకున్నాయి. పురుగులు గూళ్లు కట్టడానికి ఇంకా వారమే ఉంది. రెడ్డెమ్మ ఒక్కతే తట్టలు లాగింది, కానీ పదమూడు తట్టలు తడిసిపోయాయి. రెండు రోజుల్లో ఆ పురుగులు మెత్తబడి, నల్లబడి చచ్చాయి. మేపిన చేతులతోనే ఎత్తి పూడ్చింది.

గంగులప్ప వచ్చి కప్పు వైపు చూశాడు. "షీటు నకిలీది వదినా. అమ్మినోడు మోసం జేసినాడు."

"నోరు ముయ్. ఆ షీటుకే నోరుంటే నీ మొగాన ఉమ్మేది," అంది రెడ్డెమ్మ.

ఆ సాయంత్రమే రెడ్డెమ్మ పాపక్క ఇంటికి వెళ్లింది.

"తప్పు నాదే పాపక్కా. వాడు నిన్నంతమాట అంటాంటే నోరు మూసుకోని నిలబడినాను."

పాపక్క చాప పరిచి ఆమెను కూర్చోబెట్టింది. తర్వాత, "ఆయప్పకు సెప్పేది దున్నపోతు మీద వానమ్మా. కొత్త షీటు తెప్పించు. నేనొస్తా," అంది.

గంగులప్ప అతికించిన షీటంతా దుమ్ముతో సహా ఒక్క గుంజుకు ఊడివచ్చింది. పాపక్క పలకలు ఊడ్చి, పొడిగుడ్డతో తుడిచి, ఎండ ముదిరేదాకా ఆగింది. చూరు దగ్గర మొదలుపెట్టి, ప్రతి వరసనూ కింది దాని మీదికి బెత్తెడు పరిచి, రోకలి దొర్లించి నొక్కింది. చివరగా కొప్పు మీద రెండు వైపులా దిగేలా ఒక పట్టీ వేసింది. మళ్లీ వాన వచ్చినప్పుడు రెడ్డెమ్మ లోపలి నుంచి పలకలన్నీ తడిమి చూసింది. ఎక్కడా చెమ్మ లేదు.

నెల తిరక్కుండానే గంగులప్ప కుప్పం నుంచి గోపాలస్వామి అనే ఆయన్ను వెంటబెట్టుకొచ్చాడు. ఆయనకు అక్కడ చెక్క కప్పున్న గోడౌను ఉంది, అది కారుతోంది.

"సూడు సామీ, నా సేతి పని. సుక్క దిగితే అడుగు," అన్నాడు గంగులప్ప రొమ్ము విరుచుకుని.

రెడ్డెమ్మ మల్బరీ ఆకు కోస్తున్నదల్లా లేచి వచ్చింది. "ఈయప్ప ఏసిన కప్పు కింద పదమూడు తట్టల పురుగులు సచ్చినాయి సామీ. ఇది పాపక్క ఏసింది."

"గడ్డి కప్పేదానికి షీటు ఏసేది వస్తాదా..." అని గంగులప్ప నవ్వబోయాడు. గోపాలస్వామి అతనివైపు చూడనైనా లేదు.

"ఆ పాపక్క ఇల్లు యాడుండాదమ్మా?" అని అడిగాడు.

ఆయన ఇంటికి వెళ్లి పనికి పిలిస్తే పాపక్క ఒక్కటే మాట అంది: "వస్తా సామీ. ఆయప్ప మాత్రం నిచ్చెన కాడికి గూడా రాగూడదు."

గోపాలస్వామి ఒప్పుకున్నాడు. సోమవారం పొద్దున ఆమె కుప్పం బస్సెక్కింది.