మూడో రోకటి పోటు

"మూడో పోటు పడకుంటే ఉరుకుడే. సమజైందా?" అంది యాకమ్మ, మరిది సమ్మయ్యను అటకెక్కిస్తూ.

సంఘం రహస్య చీటీలు మోసే సమ్మయ్యకు కాళ్లలో ఉన్న చురుకు చెవుల్లో లేదు. అదే ఆమె బెంగ.

"పీర్ల పండుగకు ఊరంత ఒక్కతీరు అడుగేస్తే నువ్వొక్కనివే ఎడ్డోని లెక్క ఎగిరితివి. పోటు తప్పితే నీకెరుకైతదా?"

"నా చెవుల ముచ్చటిడువు వదినా. నువ్వు జర మంచిగ పోటు తప్పియ్యి," అన్నాడు సమ్మయ్య.

కొడకండ్ల దాపునున్న ఆ పల్లెలో వడ్లు దంచే చప్పుడును ఎవరూ అనుమానించరు. వాకిట్లో రోలు చుట్టూ ముగ్గురు: పెద్ద తోడికోడలు ఎల్లక్క, పక్కింటి పోచమ్మ, మూడో రోకలితో యాకమ్మ. గుట్టు మిగతా ఇద్దరికీ చెప్పలేదు. ఎల్లక్కకు చెబితే ఊరంతా చాటింపు వేయించినట్టే.

పొద్దెక్కేసరికి నలుగురు రజాకార్లు దిగారు. ముగ్గురు ఎదురింట్లో సోదాకు దూరారు. మీసాల జమేదారు మాత్రం యాకమ్మ ఇంటి అరుగు మీద కూర్చుని, దంపుడు వింటూ కర్రతో నేలను తడుతున్నాడు. తర్వాత సోదా ఈ ఇంట్లోనే.

యాకమ్మ రోకలి ఎత్తి, దించకుండా ఆపింది.

ధన్! ఆమె వదిలిన చోట పోచమ్మ రోకలి పడింది. పదేళ్లుగా కలిసి దంచిన చేతులాయె, ఖాళీ తగిలితే నింపేస్తాయి. నింపినట్టు పోచమ్మకే తెలియదు.

మళ్లీ ఆపింది. ఈసారి ఎల్లక్క అందుకుంది. మూడోసారి ఎవరి రోకలీ పడలేదు గానీ, సరిగ్గా అక్కడే జమేదారు కర్ర టక్కుమంది! రెండు పోట్లు విన్న చెవి మూడోది రాకపోతే తనే వేసేసుకుంటుంది కాబోలు.

అటక మీద అలికిడి లేదు. ఎదురింటి సోదా ముగిసింది.

తక్కువైతే నింపుతున్నారు. మరి ఎక్కువైతే?

ఎల్లక్క రోకలి దిగే క్షణానికే యాకమ్మ తన రోకలీ దించింది. రెండూ రోట్లో ఢీకొన్నాయి. వడ్లు వాకిలంతా చిమ్మాయి.

"నీ చేతులిరగ! దంచుడు మర్సినవానే? మీ అవ్వ గిదేనా నేర్పింది?" ఎల్లక్క కేక ఊరు దాటింది.

"క్యా హువా?" జమేదారు ఉలిక్కిపడి లేచాడు. తేరుకుని, పెరటి వైపు అలికిడి విని లోపలికి ఉరికేసరికి అటక మీద ఒట్టి గొంగడే ఉంది. పెరటి వెనక జొన్నచేను ఊగడం కూడా ఆగిపోయింది.

వారానికి గూడూరు అడవి నుంచి సంఘం మనిషి వాల్యా కబురు తెచ్చాడు, సమ్మయ్య క్షేమమని. యాకమ్మ పొంగిపోయింది.

"అయితె పోటు తేడా పట్టిండన్నట్టు!"

వాల్యా నవ్వాపుకున్నాడు. "పోట్లు ఒక్కటి సమజ్ కాలేదట అక్కా. ఎల్లక్క లొల్లి వెట్టంగనే, తగువు తీర్పుమని తననేడ పిలుస్తరోనని ఉరికిండట."