ఎనుముతో చెప్పిన మాట

మా కోడలు గురవమ్మ నాతో మాట్లాడదు. ఎనుముతో మాట్లాడుతుంది.

తగాదా ఏమీ లేదు. మామ ఎదుట కోడలు నోరెత్తకూడదన్నది మా ఇళ్ళల్లో పద్ధతి. నా భార్య మునిరత్నమ్మ ఉన్నన్నాళ్ళూ మాటలన్నీ ఆమె మీదుగా నడిచాయి. కోడలు అత్తకు చెప్పేది, అత్త నాకు చెప్పేది. నా జవాబు అదే దారిన వెనక్కి పోయేది. మధ్యలో మునిరత్నమ్మ తన మాట ఒకటి కలిపేది. తర్వాత కామెర్లొచ్చి ఆమె పోయింది. నాకంటే ముందు పోయినందుకు ఆమెను నేనింకా క్షమించలేదు. కొడుకు సుబ్రమణ్యం మామిడికాయల లారీకి డ్రైవరు. మద్రాసు, బెంగుళూరు అంటూ రోడ్డు మీదే ఉంటాడు. ఇంట్లో మిగిలింది నేను, కోడలు, వసారా పక్కన కొట్టంలో, కోస్తాలో గేదె అంటారే, ఆ ఎనుము.

దినాలు అయిపోయి చుట్టాలు వెళ్ళిపోయాక, ఒక మధ్యాహ్నం నేను వసారాలో కూర్చుని ఉన్నాను. గురవమ్మ కొట్టంలోకి పోయి, ఎనుము మెడ మీద చెయ్యి వేసి, గట్టిగా చెప్పింది.

“సంగటి సల్లారిపోతాండాది. మామ కాళ్ళు కడుక్కుంటే పెడతానని చెప్పు.”

ఎనుము నెమరు వేస్తోంది. నేను లేచి కాళ్ళు కడుక్కున్నాను.

అలా మొదలైంది. నాకూ అలవాటయింది. చెనిక్కాయలు ఎండలో పొయ్యమని ఎనుముతో అనేవాణ్ణి. కాసేపటికి లోపల చేటల చప్పుడు వినపడేది. పనులేవీ ఆగలేదు. చూసేవాళ్ళకు నవ్వులాట. వాళ్ళ ఇళ్ళల్లో మాత్రం ఏం తక్కువ? పక్కింటి చంద్రకాంతమ్మ తన మామకు చెప్పాల్సింది చంకలో పిల్లతో చెబుతుంది. మా ఇంట్లో చంటిబిడ్డ లేదు. ఎనుము ఉంది.

కొన్నాళ్ళకు నేనొకటి కనిపెట్టాను. గురవమ్మ ఎనుముతో రెండు రకాలుగా మాట్లాడుతుంది. ఒకటి నా కోసం, గోడ దాటే గొంతుతో. అప్పుడు ఎనుము చెవి కూడా కదపదు. రెండోది పాలు పితికేటప్పుడు. పొదుగు పక్కన కూర్చుని, నుదురు దాని డొక్కకు ఆనించి, సన్నగా ఏదో చెబుతూనే ఉంటుంది. ఆ మాట నాకు అందదు. ఎనుము మాత్రం చెవులు రెండూ వెనక్కి తిప్పి నిలబడుతుంది. పాలు చేపుతుంది. ఆమె మాట ఆపితే పాల ధార సన్నబడుతుంది.

ఏ మాట తనదో, ఏ మాట నాదో దానికెలా తెలుసు?

నేను చదివింది ఊరి బడిలో ఐదో తరగతి. మనిషికి మాట ఉంది, గొడ్డుకు లేదు, అందుకే మనిషి గొప్ప అని అక్కడ చెప్పారు. చెప్పిన అయ్యవారు మాట కంటే ముందు బెత్తం ఎత్తేవాడు. అప్పుడే నాకు నమ్మకం కుదరలేదు.

పొద్దున పాలు తీసుకుని బంగారుపాళ్యంలో టీ అంగడికి పోసి వస్తాను. అక్కడ హైస్కూల్లో సైన్సు చెప్పే జయరామ్ సారు బస్సు కోసం కూర్చుని ఉంటాడు. ఆయన్ను అడిగాను. నవ్వుతాడనుకున్నాను. నవ్వలేదు. గ్లాసు కింద పెట్టి, ఎనుము చెవులు ఎటు తిప్పుతుందో, కోడలు ఏ గొంతుతో ఏమంటుందో అన్నీ అడిగాడు.

“అది వినేది మాట కాదు మునస్వామన్నా, గొంతు. నువ్వు దాన్ని తిట్టి సూడు. ముద్దుగా తిట్టాల. ఏం చేస్తాదో వచ్చి చెప్పు.”

ఆ సాయంత్రం కొట్టంలోకి పోయాను. నీ పాడె కట్ట, నీ వంశం మన్నైపోనని, నాకు వచ్చినంత ముద్దుగా తిట్టాను. ఎనుము మెడ చాచి గోకమని ఇచ్చింది. తర్వాత మా తల్లీ, మా బంగారమా అని గర్జించాను. అది బెదిరి వెనక్కి తగ్గి కుడితి కుండ తన్నేసింది. లోపల గురవమ్మ నవ్వు వినపడింది. ఆమె కాపురానికి వచ్చాక నేను విన్న మొదటి నవ్వు అదే.

మరుసటి రోజు సారుకు చెబితే, తాను చెప్పింది అదేనని సంతోషపడ్డాడు. గొడ్డుకు అర్థం పట్టదు, రాగమే పడుతుంది. అర్థం పట్టేది మనిషి ఒక్కడేనన్నాడు.

“లారీ ఓనరు ముద్దుగా మాట్లాడి మావాడికి జాతర సెలవు ఎగ్గొట్టినాడు సారూ. మావాడు తలూపి వచ్చినాడు. వాడికి పట్టింది అర్థమా, రాగమా?”

“మీవాడు ఎనుమని నేననలేదప్పా,” అన్నాడు సారు.

అయినా ఆయన ఊరుకోలేదు. గొడ్డుకు అబద్ధం చెప్పడం రాదన్నాడు. అబద్ధం చెప్పాలంటే ఎదుటివాడి తలలో ఏముందో తెలియాలి, అది మనిషికే తెలుస్తుందన్నాడు. నాకు కోపం వచ్చింది. మా ఎనుము దూడ కోసం పాలు దాచుకుంటుంది. పొదుగు ఒట్టిపోయినట్టు, ఏమీ ఎరగనట్టు నిలబడుతుంది. దూడను వదిలితే దాని మూతి నిండా నురగ. ఇది అబద్ధం కాకపోతే మరేమిటని అడిగాను. అది ఒళ్ళు చేసే పని, మనసు చేసేది కాదన్నాడు. ఒళ్ళు యాడ ఆగుతుంది, మనసు యాడ మొదలవుతుందని అడిగాను. సారు ఖాళీ గ్లాసు అంగడివాడికి ఇచ్చేశాడు.

“అది నాకు తెలీదు. ఒకటి మాత్రం చెప్తా. గొడ్డుకు రేపు లేదు. రేపు నిన్ను అమ్మేస్తానని దానితో చెప్పు, మేస్తానే ఉంటాది. మనిషికి చెప్పి సూడు, ఈ పొద్దే కూడు మానేస్తాడు.”

బస్సు వచ్చింది. ఆయన వెళ్ళిపోయాడు. ఆ పరీక్ష నేను చేయలేదు.

ఆ ఏడు వానలు లేవు. చెనిక్కాయ చేలోనే మాడింది. గొడ్డు మేతకు దాని కట్టె కూడా చేతికి రాలేదు. వరిగడ్డి కొనే స్థితి ఊళ్ళో ఎవరికీ లేదు. దూడ చచ్చిపోయింది. ఎనుము డొక్కలు పైకి తేలాయి. పాలు ఇంట్లోకే చాలడం లేదు. చిత్తూరు నుంచి ఓబయ్య అనే గొడ్ల బేరగాడు ఊరూరా తిరుగుతూ మా ఇంటికీ వచ్చాడు. గురవమ్మ అప్పుడు బావి దగ్గర ఉంది. అమ్ముతానని మాటిచ్చాను. మంగళవారం గొడ్డును గడప దాటించరు కాబట్టి బుధవారం వస్తానన్నాడు.

టీ అంగడి దగ్గర జయరామ్ సారు విని, కాస్త ఎగతాళిగానే అడిగాడు, ఎనుము పోతే మామా కోడలూ ఎవరితో చెప్పుకుంటారని. పోతే పోనీ అన్నాను. ఇంటికి నడుస్తూ ఆలోచించాను. ఎనుము పోతే ఆ ఇంట్లో నాకు అందే మాట పోతుంది. సుబ్రమణ్యం ఎప్పుడో వస్తాడు, తిని పడుకుంటాడు, వెళ్ళిపోతాడు. మిగిలిన రోజులన్నీ గిన్నెల చప్పుడే. సంగటి పెట్టానని కూడా ఎవరూ అనరు. అయినా మేత లేదు. ఇచ్చిన మాట వెనక్కి తీసుకునే అలవాటు నాకు లేదు.

ముందుగా కోడలికి చెప్పాలి. కొడుకు ఊళ్ళో లేడు. చంద్రకాంతమ్మతో చెప్పిస్తే మా ఇంటి సంగతి గురవమ్మ కంటే ముందు ఊరికి తెలుస్తుంది. ఇక చెప్పే దారి ఒక్కటే. ఎనుముతో చెప్పాలి. దాన్ని అమ్ముతున్నానని దానితోనే చెప్పాలి.

మంగళవారం పొద్దు వాలే వేళ కొట్టంలోకి పోయాను. అది తల తిప్పి చూసింది. నోరు తెరిచాను. బావి చేద తాడు తెగేటట్టు ఉందని చెప్పు, అన్నాను. ఇవతలికి వచ్చేశాను.

నాకు సిగ్గేసింది. అది తిట్టుకూ పొగడ్తకూ తేడా ఎరగదని నా చేతులతో నేనే పరీక్ష చేశాను. దానికి రేపు లేదని చదువుకున్నవాడు చెప్పాడు. మరి నా నోరు ఎందుకు రాలేదు? దాని ముఖం చూడకుండా చెప్పగలనేమోనని మళ్ళీ పోయి తోక వైపు నిలబడ్డాను. అప్పుడూ రాలేదు. అర్థం కాని జీవానికి అబద్ధం చెప్పనక్కర లేదు, నిజమూ చెప్పనక్కర లేదు. మరి నేను దాచుకుంటున్నది ఎవరి దగ్గర?

మూడోసారి, కట్టుకొయ్య పట్టుకుని ఒక్క ఊపున అనేశాను.

“రేపు పొద్దున ఓబయ్య వస్తాడు. నిన్ను తోలుకపోతాడు. చెప్పు.”

ఎనుము ముందున్న గడ్డి పరక లాగి నమిలింది. చెవి ఊపింది, ఈగ కోసం. సారు చెప్పింది నిజమే. వంటింట్లో రోటి చప్పుడు ఆగిపోయింది.

గురవమ్మ చేతికి పచ్చడితోనే వసారాలోకి వచ్చింది. నా ఎదురుగా నిలబడింది. తల వంచుకోలేదు.

“దానికెందుకు చెప్తారు మామా? నాకు చెప్పండి.”

అది నాకు తెలిసిన గొంతు కాదు. గోడ దాటేదీ కాదు, పొదుగు దగ్గరిదీ కాదు. ఎనుము వైపు తిరిగి, మేత లేదని చెప్పు, అన్నాను. గురవమ్మ వచ్చి నాకూ ఎనుముకూ మధ్యలో నిలబడింది.

మేత లేదని తనకు తెలుసంది. రోజూ దానికి వేసేది తానేనంది. అమ్మొద్దని తాను అనడం లేదు, కానీ ఓబయ్య తోలుకుపోయిన ఒట్టిపోయిన గొడ్డు యాడికి పోతుందో అందరికీ తెలుసంది. ఐరాలలో తన అన్న చెరుకు వేశాడు, చెరుకాకు ఉంది, అతనికి కబురు పెడితే కొనుక్కుంటాడంది.

ఆ అన్న పేరు వింటేనే నాకు మంట. కోడలితో నేరుగా నేనన్న మొదటి మాట అదే అయింది.

“మీ అన్న మీ అత్త దినాలకు రాలేదు.”

“రాలేదు. పోయి తిట్టేసి వచ్చినాను. ఆ పొద్దంతా ఏడ్చినాను. మీకు తెలీదు. దానికి తెలుసు.”

నేను వసారా గట్టు మీద కూర్చున్నాను. ఆమె అక్కడే నిలబడి ఉంది, జవాబు చెప్పేదాకా కదిలేటట్టు లేదు. నీ ఇష్టం, అన్నాను. ఆమెతోనే అన్నాను.

మర్నాడు ఓబయ్య వచ్చి, మాట తప్పిన ముసలోడినని వీధిలో నిలబడి తిట్టి పోయాడు. పడ్డాను. ఆ వారంలోనే గురవమ్మ అన్న వచ్చాడు. అతనితో నేను మాట్లాడలేదు. దినాలకు రానివాడితో మాట్లాడను. పలుపు విప్పి లాగితే ఎనుము గడప దగ్గర కాళ్ళు తన్నిపెట్టింది. వెనక నుంచి కొట్టబోయాడు. గురవమ్మ వద్దని, దాని మెడ పక్కన నడుస్తూ ఏదో సన్నగా చెప్పింది. చెవులు వెనక్కి తిరిగాయి. ఐరాల దారి మొదలయ్యేదాకా ఆమె చెబుతూ పోయింది, అది వింటూ పోయింది. తాడు వదులుగానే వేలాడుతోంది. ఏ మాట చెబితే అది కదిలిందో, అసలు మాటేనో కాదో, వసారాలో నిలబడిన నాకు ఏమీ వినపడలేదు.

సాయంత్రం కొట్టం ఖాళీగా ఉంది. ఎవరూ ఏమీ అనరని కూర్చున్నాను.

“సంగటి పెట్టినాను మామా, రండి,” అంది గురవమ్మ వాకిలి దగ్గర నిలబడి. పక్కింట్లో చంద్రకాంతమ్మ వింది. వినుకోనీ.

తింటూ అడిగాను. ఆ ప్రశ్న నాలో చాలా నాళ్ళుగా ఉంది. సారునైతే అడగలేను.

“పాలు పితికేటప్పుడు దానితో ఏం చెప్పేదానివమ్మా?”

ఆమె చేతిలో పులుసు గరిటె ఆగింది. చెప్పకూడదని కాదు, చెప్పవచ్చా అని చూసుకున్నట్టుంది.

“అది దానికి చెప్పింది మామా. మీకు కాదు.”

పులుసు పోసింది. ఉప్పు తక్కువైందన్నాను. తెచ్చి వేసింది.