నాము అనేవాడు

ఉల్లిమళ్ళకు నీళ్ళు పోయడం సగంలో ఉండగా ఫామొరోకు మళ్ళీ ఆయాసం వచ్చింది. రెండు సొరబుర్రలనూ గట్టు మీద దింపి, మోకాళ్ళ మీద చేతులు ఆనించి, ఏటివైపు చూస్తూ నిలబడ్డాడు. సన్నటి మనిషి. ఏళ్ళ తరబడి అన్నవైపు ఒరిగి కూర్చోవడం వల్ల మెడ కుడిపక్కకు వాలిపోయింది. నడుస్తున్నప్పుడు కూడా ఎవరో చెవిలో చెప్పేది వింటున్నట్టే ఉంటాడు. దుమ్ముగాలికి కళ్ళు ఎర్రబడ్డాయి. ఎడమ చెయ్యి మోచేతి దాకా లాగుతోంది. ఆ సంగతి భార్య సోనాకు చెప్పలేదు. చెబితే ఇల్లు కదలనివ్వదు. ఇవాళ కథ ఉంది.

కథ చెప్పేది అన్న సెరిబా. ఏటికి రెండు ఒడ్డుల్లోనూ అతని పేరు తెలియనివాళ్ళు లేరు. పక్కన కూర్చుని ‘నాము’ అనడం ఫామొరో పని. అన్న ఒక మాట అని ఆగుతాడు. తమ్ముడు ‘నాము’ అంటాడు. అప్పుడు అన్న తరవాతి మాట ఎత్తుకుంటాడు. విన్నాను, నిజమే, సాగనీ అనేవన్నీ ఆ ఒక్క ముక్కలోనే ఉన్నాయి. ఊకొట్టేవాడు లేకపోతే కథకు కాళ్ళుండవని వాళ్ళ కులంలో అందరూ అంటారు. అయినా పెళ్ళిళ్ళలో బట్టలూ పొట్టేళ్ళూ చెప్పినవాడికే పెడతారు. లోకం తీరే అంత. తండ్రి పిల్లలిద్దరినీ ఎదురుగా కూర్చోబెట్టి పరీక్షించిన నాడే పెద్దవాడికి మాట, చిన్నవాడికి నాము అని తేలిపోయింది. అన్నంలో ఉప్పు తక్కువైందన్నా నామే, ఇల్లు తగలబడుతోందన్నా నామే, ఇలాంటి మొగుణ్ణి కట్టుకుని పోట్లాడే సుఖం కూడా లేకుండా పోయిందని సోనా నలుగురిలో దెప్పుతూ ఉంటుంది.

పడుచుతనంలో ఒక్కసారి, ఈ మళ్ళలోనే, ఎవరూ లేనప్పుడు కథంతా తనే చెప్పి చూద్దామనుకున్నాడు. ఒక్క మాట పొల్లుపోకుండా వచ్చు. మొదటి మాట అన్నాడు. అలవాటుకొద్దీ ఆగాడు. ఉల్లికాడలు ఏమీ అనలేదు. రెండో మాట ఇక నోటికి రాలేదు. తనలో తనే నవ్వుకుని మళ్ళీ కలుపుతీతలో పడ్డాడు.

ఇవాళ అతను ఇల్లు చేరేసరికి వాకిట్లో నాసిరా కేతా ఉంది. పట్నంలో విశ్వవిద్యాలయంలో సాహిత్యం చెబుతుంది. ఏటా ఈ రోజుల్లో విద్యార్థులను వెంటబెట్టుకుని వచ్చి అన్న కథలు రికార్డు చేసుకుపోతుంది. కేతాలు రాజుల వంశం, వీళ్ళది కథలు చెప్పే వంశం. రెండు ఇంటిపేర్ల మధ్య వేళాకోళం తాతల నాటిది.

“ఏం బొబ్బర్లబొజ్జా, ఇంకా పోలేదా?” అందామె.

“మీ వంశాన్నంతా పాతిపెట్టాకే పోతాను రాణీగారూ. గుంతలు తవ్వాలిగా, ఓపిక దాచుకుంటున్నా.”

ఆమె ఎప్పటిలా పగలబడి నవ్వలేదు. పక్కకు పిలిచి, వేలి ఉంగరం తిప్పుకుంటూ విషయం చెప్పింది. ఈ కథలను బడిపిల్లలకు పుస్తకంగా తేవాలనుకుంటోంది. టేపుల్లో ప్రతి మాట చివరా ఫామొరో గొంతు మీద పడి, చెప్పేవాడి మాట తెగిపోతోంది. పడవ నడిపిన ముసలమ్మ కథ అయితే సగానికి సగం అర్థం కావడం లేదు. సెరిబాకు వయసు మీద పడింది, మళ్ళీ ఏడు ఎలా ఉంటుందో. అందుకని ఈ ఒక్కసారికి ఆయనను ఒంటరిగా చెప్పనిస్తే బాగుంటుంది. తప్పుగా అనుకోవద్దని రెండుసార్లు అంది.

ఫామొరోకు బాధేసింది. ఆమె మీద కోపం మాత్రం రాలేదు, ఆమె చెప్పినదాంట్లో అబద్ధం లేదు. ఏదో ఒకటి అనాలని చూశాడు.

“నాము,” అన్నాడు.

లోపల సెరిబా ఎప్పటిలాగే రెండు గొర్రెతోళ్ళు పక్కపక్కన పరిచాడు. వక్కలా నమిలే కోలా గింజను రెండుగా చీల్చి, ఒక సగం నోట్లో వేసుకుని, రెండోది తమ్ముడి తోలు మీద పెట్టాడు. ముసలాయన అలవాటు కాబోలని నాసిరా ఊరుకుంది.

“ఎక్కడ కూర్చుంటావు?” అని అడిగాడు గడపలో నిలబడ్డ తమ్ముణ్ణి.

“గోడవతల. నీడ ఉంది.”

“దూరం పోకు.”

మట్టిగోడకు పైన చిన్న కిటికీ. దాని కింద ఫామొరో వీపు ఆనించి కాళ్ళు చాపాడు. వాకిటి ఆ చివర సోనా రోట్లో జొన్నలు దంచుతోంది. లోపల అన్న గొంతు సవరించుకున్నాడు. తను లేకుండా కథ నడుస్తుందా? నడవకపోతే అన్న పరువు పోతుంది. నడిస్తే ఇన్నేళ్ళూ తను చేసిందేమిటి? ఎటు కోరుకోవాలో అతనికి తెలియలేదు.

మొదటి మాట కిటికీలోంచి వచ్చింది. తరవాత కాస్త ఖాళీ. ఆ ఖాళీ ఎంతో ఫామొరోకు తెలుసు, అది తనదే. పెదవులు వాటంతట అవే కదిలాయి. గొంతు రానివ్వకుండా, ఊపిరితోనే అన్నాడు. వెంటనే రెండో మాట వచ్చింది. మళ్ళీ ఖాళీ. మళ్ళీ అన్నాడు. అలా ముసలమ్మ తెడ్డు చేతబట్టింది, రాజు పడవెక్కాడు, తాడు విప్పారు. ఫామొరోకు సంతోషంతో కళ్ళు చెమర్చాయి. చేతిలో లాగుతున్నది భుజానికి పాకింది, అక్కడి నుంచి గుండెలోకి దిగింది. ఒళ్ళంతా చెమట పట్టింది. సోనాను పిలుద్దామనుకున్నాడు. కానీ అన్న అప్పుడే ఒక మాట అని ఆగి ఉన్నాడు. ముందు దానికి నాము అన్నాడు.

“పడవ నట్టేట్లోకి వచ్చింది,” అన్నాడు లోపల సెరిబా.

ఆగాడు.

“పడవ నట్టేట్లోకి వచ్చింది.”

విద్యార్థులు ఒకరి మొహాలు ఒకరు చూసుకున్నారు. ముసలాయన మరిచిపోయాడనుకుని ఒక అమ్మాయి అందించబోతే, నాసిరా చెయ్యి చూపి ఆపింది. సెరిబా కిటికీవైపు తల తిప్పాడు. మూడోసారి అదే మాటను, పక్కగదిలో నిద్రపోయేవాణ్ణి లేపుతున్నట్టు మెల్లగా అన్నాడు. తరవాత కర్ర అందుకుని లేచాడు.

“ఏమైంది?” అంది నాసిరా.

“ఇందాకటి నుంచీ ప్రతి మాటకూ అంటూనే ఉన్నాడమ్మా. ఇప్పుడు అనలేదు.”

ఆమె చెవులకు తగిలించుకున్న యంత్రంలో అంతసేపూ ఒక్క గొంతే వినిపించింది. వాకిట్లో రోకటి చప్పుడు ఆగిపోయింది.

పొద్దు వాలకముందే శవానికి తెల్లగుడ్డ చుట్టి లేవదీయడానికి సిద్ధం చేశారు. వేళాకోళం వరసైనవాళ్ళు చావింట్లో కూడా నవ్వించాలి, అది వాళ్ళ విధి. నాసిరా తెల్లగుడ్డ పక్కన నిలబడింది. “లేవయ్యా బొబ్బర్లబొజ్జా, మమ్మల్ని పాతిపెడతానన్నావుగా,” అని మొదలుపెట్టింది. ఆ తిట్టును సోనా ఏడుస్తూనే పూర్తి చేసింది, మొగుడి బదులు తనే నవ్వింది. మిగిలిన కథ ఎప్పుడు చెబుతారని సెరిబాను ఎవరూ అడగలేదు.

అందరూ శ్మశానానికి వెళ్ళారు. ఖాళీ గదిలో రెండు గొర్రెతోళ్ళు పక్కపక్కనే పరిచి ఉన్నాయి. ఎడమవైపు తోలు మీద సగం కోలా గింజ, చీల్చినవైపు గాలి తగిలి మెల్లగా ఎర్రబడుతోంది.