ముందుమాటకు ముందు పేజీ

"అయితే ఏంటట?" అంది అత్తయ్య, బఠానీలు వలుస్తూనే.

అంటే ఆ పేరా తప్పిందన్నమాట. మా ఇంట్లో అత్తయ్య పరీక్షకు తిరుగులేదు. మధ్యాహ్నం గిన్నెలు కడగడం అయ్యాక ఆవిడ బఠానీల పళ్ళెం ముందేసుకుంటుంది, నేను కాగితాలు ముందేసుకుంటాను. నేను చదువుతాను, ఆవిడ వింటుంది. అర్థమైతే "ఊఁ" అంటుంది, కాకపోతే పైమాట అంటుంది. పుస్తకం వేస్తున్న సంస్థలో ఎడిటరమ్మ మొదటే చెప్పింది, ఇది విద్యార్థులు బట్టీపట్టే పుస్తకం కాదని, బడి మధ్యలో మానేసినవాళ్ళు కూడా తెరిచి చూసి భూకంపం ఎందుకొస్తుందో, నది ఎందుకు వంకర్లు తిరుగుతుందో తెలుసుకునే భూవిజ్ఞాన కోశం కావాలని. బడి మధ్యలో మానేసిన మనిషి ఇంట్లోనే ఉండగా నేను ఊరంతా వెతకడం దేనికి?

రాయమని ఎడిటరమ్మ అడిగింది నన్ను కాదు, మా ఆయన్ని. ఆయన కాలేజీలో భూగర్భశాస్త్రం చెప్పి రిటైరయ్యారు. రాళ్ళ గురించి ఆయనకు తెలిసినంత నాకు ఏడు జన్మలెత్తినా తెలియదు, ఆ మాట ఎవరి ముందైనా అంటాను. కాకపోతే ఆయన వాక్యం మొదలుపెట్టారంటే దాని తోక ఎక్కడుందో ఆయనకే దొరకదు. "భూపటల ఫలకాల పరస్పర అభిసరణ వలన జనించిన సంపీడన బలాల ప్రభావమున" అంటూ మొదలైన ముడుత పర్వతాల పేరా నేను సగం చదివేసరికి అత్తయ్యకు కునుకు పట్టేసింది. ఎడిటరమ్మ కూడా మర్యాదగా అదే చెప్పినట్టుంది. ఒక సాయంత్రం ఆయన కాగితాల కట్ట తెచ్చి నా పక్కన పెట్టి, "కాస్త తేలిక చేసి టైపు చెయ్యి, నువ్వెలాగూ ఖాళీయేగా" అన్నారు. అప్పుడు నా చేతిలో ఇస్త్రీపెట్టె ఉంది, పొయ్యి మీద పాలున్నాయి, అత్తయ్య మందులేసుకునే వేళ దాటిపోతోంది. ఖాళీ అంటే ఏమిటో ఆ కోశంలో ఒక పేరా రాసి పెడదామనిపించింది.

తేలిక చెయ్యడమంటే రెండు పెద్ద మాటలు తీసి రెండు చిన్న మాటలు పెట్టడం అనుకున్నాను. కాదు. మొదటినుంచీ రాయాల్సి వచ్చింది. పరిచిన దుప్పటిని రెండు వైపులనుంచీ లోపలికి తోస్తే మధ్యలో మడతలు లేస్తాయి కదా, ముడుత పర్వతాలు అలాగే లేచాయి అని రాసి వినిపించాను. అత్తయ్య చేతిలో కాయ ఆగింది. "ఊఁ. పక్క సర్దుతూ రోజూ చేస్తున్నదే" అంది. ఆ క్షణంలో నాకు కలిగిన సంతోషం ఇంకే పనిలోనూ కలగలేదు. పెళ్ళికి ముందు నేనొక ప్రెస్సులో ప్రూఫులు దిద్దేదాన్ని. కోడలు పనికి పోతే ఇల్లెవరు చూస్తారని మామయ్యగారు ఒక్క మాటంటే మానేశాను. మానేసినందుకు ఏడ్చానని కూడా ఎవరికీ చెప్పలేదు. ఇన్నేళ్ళకు అక్షరాలు మళ్ళీ నా చేతికొచ్చాయి. కూర మాడినా, ఇస్త్రీ బట్టలు కుప్ప పడినా ఏడాదంతా పాటలు పాడుకుంటూ తిరిగాను.

"భూమిని తీసుకొచ్చి వంటింట్లో పెట్టావు" అనేవారు ఆయన, నా పేరాలు చూసి. వంటిల్లు మాత్రం ఎక్కడుంది, భూమి మీదే కదా అని నాలో నేను నవ్వుకునేదాన్ని. నేను తప్పులూ రాశాను, లేదనను. మన కాళ్ళకింద పైపెంకు దాటితే అంతా కరిగిన రాయే మరుగుతోందని ఒకచోట రాసేశాను. ఆయన కుర్చీ లాక్కుని కూర్చుని, అది చాలావరకు గట్టిదేననీ, గట్టిదయ్యుండి కూడా యుగాల మీద మెల్లగా జరుగుతుందనీ బొమ్మ గీసి మరీ చెప్పారు. చీకటి పడేదాకా అడుగుతూనే ఉన్నాను, ఆయన విసుక్కోకుండా చెబుతూనే ఉన్నారు. ఆయన నాతో నెల ఖర్చులూ బంధువుల రాకపోకలూ కాక ఇంకోటి అంతసేపు మాట్లాడటం పెళ్ళయ్యాక అదే మొదలు. ఆ పేరా పుస్తకంలో నాకు అన్నిటికంటే ఇష్టం. అదే ఆయన స్నేహితులొస్తే మాత్రం "మా ఆవిడ టైపింగు చూస్తోంది" అనేవారు. ఆ మాట పూర్తయ్యేలోపు నేను టీ కప్పులు తీస్తూ ఉండేదాన్ని. ఒకాయన "అదృష్టవంతుడివోయ్" అని ఆయన భుజం తట్టాడు. నా ముందే, నన్ను చూడకుండా.

నిన్న ఆఖరి ప్రూఫులొచ్చాయి. లోపలి పేజీలన్నీ దిద్దేశాక మొదటి పేజీ పట్టుకున్నాను. ప్రెస్సులో మా పెద్ద ప్రూఫురీడరుగారు ఒక మాట అనేవారు. చీమంత అక్షరాల్లో తప్పు అందరికీ దొరుకుతుందట, ఏనుగంత అక్షరాల్లో తప్పు ఎవరికీ కనబడదట, అందుకే పుస్తకం పేరున్న పేజీ వేలు పెట్టి చదవాలట. పెట్టాను. పైన పుస్తకం పేరు, సరిగ్గానే ఉంది. కింద 'రచన', దాని కింద మా ఆయన పేరు, అక్షరాలన్నీ సరిగ్గానే ఉన్నాయి. పేజీ తిప్పితే ముందుమాట, దాని చివర 'ఓపికగా టైపు చేసి సహకరించిన నా శ్రీమతికి' అని ఒక వాక్యం. నా చేతనే నాకు కృతజ్ఞతలు దిద్దిస్తున్నారు. కోపం రాలేదా అంటే వచ్చింది. కానీ అంతకంటే ముందు, ప్రూఫు చూసేవాళ్ళకు తప్పు దొరికినప్పుడు కలిగే చిన్న ఉత్సాహం కలిగింది. తప్పు దొరికాక దిద్దకుండా పేజీ తిప్పడం నాకు చేతకాదు.

ఎర్రపెన్నుతో 'టైపు చేసి' వాక్యం కొట్టేశాను. మొదటి పేజీలో 'రచన' కింద నా పేరు రాశాను. ఆ కింద 'శాస్త్ర విషయాలు' అని రాసి ఆయన పేరు రాశాను. ఎవరూ చూడకుండా పంపించెయ్యొచ్చు. కానీ అది దొంగతనంలా ఉంటుందనిపించి, పొద్దున ఆయన పేపరు మడిచి పెట్టాక ముందు పెట్టాను. పక్కకు తప్పుకోకుండా అక్కడే నిలబడ్డాను.

ఆయన చదివి కళ్ళజోడు తీశారు. తన చదువంతా అందులో ఉందన్నారు. ఉందన్నాను, అందుకే మీ పేరు కూడా ఉందన్నాను. నీకేమైనా అన్యాయం జరిగిందా అని అడిగారు. జరిగిందని చెప్పాను, కేకలేయకుండా, పక్కగదిలో అత్తయ్యకు వినబడేంత గొంతుతో. కళ్ళజోడు మళ్ళీ పెట్టుకుని ఆ పేజీ ఇంకోసారి చదివారు.

చివరికి, "ఇదంతా నువ్వే రాశావని తెలిస్తే జనం ఏమనుకుంటారు?" అన్నారు.

"అర్థమైందనుకుంటారండీ" అన్నాను. ఎడిటరమ్మకు ఇచ్చొద్దామని కాగితాలు సంచిలో పెట్టుకుని చెప్పులేసుకున్నాను.