కీర్తనశాస్త్రానికి ఒక ప్రయోగం

ఆయన అసలు పేరు జీతాల గుమాస్తాకి తప్ప ఎవరికీ అక్కర్లేదు. నిఘంటువు కార్యాలయంలో అందరూ అర్థాలయ్య అనేవారు. టీ చల్లారిపోతోందని ఎవరైనా అంటే, చల్లారడానికి ఎన్ని అర్థాలున్నాయో మొదలుపెట్టి, అవన్నీ అయ్యేసరికి టీని నిజంగానే చల్లార్చేసే మనిషి. ఇరవై రెండేళ్ళుగా ‘క’ అక్షరం ఆయన చేతిలో ఉంది. గోడ పొడుగునా ఉన్న చెక్క సొరుగుల్లో, చీటీల మీద, ‘క’తో మొదలయ్యే మాటలన్నీ ఆయన వేళ్ళకి అలవాటైపోయాయి. ఏ చీటీ ఎక్కడుందో కళ్ళు మూసుకుని తీసేవాడు. అందుకు కాస్త మిడిసిపాటు కూడా ఉండేది, లేదనడం అబద్ధం.

ఆ కార్యాలయానికి పెద్ద సంపాదకుడొకాయన ఉన్నాడు. పెద్దాయన అంటారు. మనిషి బక్కగా ఉంటాడు గాని మాట ఉక్కు. ఆయన పెట్టిన నియమం ఒకటే: ప్రతి మాటకీ అర్థం కింద ఒక ప్రయోగం ఉండాలి. ప్రయోగమంటే ఆ మాటని ఎవరో ఒకరు నిజంగా వాడి రాసిన వాక్యం, దాని పక్కన రాసినవాళ్ళ పేరు, ఎక్కడ రాశారన్నది. “అర్థం మనం చెప్తాం, సాక్ష్యం మాత్రం బయటివాళ్ళే చెప్పాలి” అనేవాడు. సాక్ష్యం లేని మాట ఎంత ముద్దొచ్చినా అచ్చుకి వెళ్ళదు.

‘క’ సంపుటం అచ్చుకి వెళ్ళే వారంలో ఒక చీటీ దగ్గర అర్థాలయ్య బండి ఆగింది. మాట ‘కీర్తనశాస్త్రం’. అర్థం శుభ్రంగా ఉంది: ఒకటి, దేవుణ్ణి స్తుతించే పాటల పుట్టుక, కట్టినవాళ్ళు, బాణీలు, పాడే తీరు, వీటిని పరిశీలించే విద్య, రెండు, ఒక కాలానికో ఒక సమూహానికో చెందిన స్తుతిగీతాలన్నీ కలిపి. ప్రయోగం చోట మాత్రం ఖాళీ. దాన్ని పంపినవాడు పాటల మాస్టారు. బడిలో సంగీతం చెప్పి రిటైరయ్యాక, ఇంటింటికీ తిరిగి, పుస్తకాలకెక్కని కీర్తనలు సేకరించే పెద్దమనిషి. ఏళ్ళ తరబడి కార్యాలయానికి నలభై చీటీలు పంపాడు. అన్నిటికీ ప్రయోగాలు రాసి, పేజీ సంఖ్యలతో సహా ఇచ్చాడు. దీనికొక్కదానికే ఇవ్వలేదు. పైగా ఓ ఉత్తరం జత చేశాడు: ‘ఈ మాట నేను అంటూంటాను గాని, ఎవరైనా రాయగా చూడలేదు. నేనూ రాయలేదు. మీకు దొరికితే వేయండి.’

అర్థాలయ్యకి దొరకలేదు. వారం రోజులు పుస్తకాలన్నీ గాలించాడు. ఆ మాట తీసేద్దామంటే పేజీలు కట్టేశారు, ఒక్క మాట ఊడితే ఆ తర్వాతి పేజీలన్నీ జరగాలి. అదీగాక కీర్తన ఉంది, కీర్తనకారుడున్నాడు, వాళ్ళ మంచిచెడ్డలు చూసే శాస్త్రం మాత్రం లేదంటే తన సంపుటానికి ముక్కు కోసినట్టే ఉంటుందనిపించింది. మాస్టారు రాయకపోయినా అంటూంటాడు కదా, అన్నది ఎలా ఉంటుందో తనకి తెలియదా? కలం తీసి, ఒక్క ఊపులో రాసేశాడు: ‘కీర్తనశాస్త్రం చదివినవాడికి పాట ఎవరిదో తెలుస్తుంది, పాడుకున్నవాడికి పాట ఎందుకో తెలుస్తుంది.’ కింద మాస్టారి పేరు పెట్టి, పక్కన ‘వ్రాతప్రతి’ అని చేర్చాడు. వ్రాతప్రతి అంటే ఇక ఎవరూ పేజీ అడగరు. అంత తెలివి!

చెప్పుకోడానికి సిగ్గుచేటు గాని, ఆ వాక్యం చూసుకుని ఆయన మురిసిపోయాడు. ప్రూఫుల్లో మూడుసార్లు చదువుకున్నాడు. పెద్దాయన కూడా ఆ పేజీ మీద ఎర్రసిరా చుక్క పడనివ్వలేదు.

సంపుటం వచ్చింది. చీటీలు పంపినవాళ్ళందరికీ తలో ప్రతి పంపారు. ఎనిమిది నెలలు గడిచాక, ఒక సోమవారం ఉదయం, పాటల మాస్టారి కూతురు కార్యాలయానికి వచ్చింది. కళ్ళజోళ్ళ దుకాణంలో పనిచేస్తుందట, సగంపూట సెలవు పెట్టి వచ్చింది. గుడ్డసంచీలోంచి ‘క’ సంపుటం తీసి, కాగితం ముక్క గుర్తు పెట్టిన చోట విప్పి, అర్థాలయ్య ముందు పెట్టింది.

తండ్రి పుస్తకం అందుకున్న రోజున ఎంత సంతోషించాడో ముందు చెప్పింది. తర్వాత ఈ పేజీకి వచ్చి ఆగిపోయాడట. తనే రాసినట్టుంది గాని ఎప్పుడు రాశాడో గుర్తు రాలేదు. రాయలేదని ఉత్తరంలో చెప్పింది కూడా మర్చిపోయే చెప్పానేమో అనుకున్నాడట. మూడు వారాలు పెట్టెలన్నీ బోర్లించి, ఆ వాక్యమున్న వ్యాసం ఏదో ఉండాలని వెతికాడు. దొరకలేదు. అప్పట్నుంచి మనిషి మారిపోయాడట. పొద్దున్న లేవగానే చిన్నప్పటి నేస్తాల పేర్లు కాగితం మీద రాసుకుని సరిచూసుకుంటున్నాడు. పొయ్యి ఆర్పానా లేదా అని నాలుగుసార్లు లేచి చూస్తున్నాడు. డాక్టరు బాగానే ఉన్నాడన్నా నమ్మడం లేదు. పాటల కోసం బయటికి వెళ్ళడం మానేశాడు.

“‘ఇంత మంచి వాక్యం రాసి మర్చిపోయానంటే ఇంకేం మిగిలింది నాలో’ అంటారండీ,” అందామె. “ఆ అసలు కాగితం ఒక్కసారి చూపిస్తే, ఆయన రాతే కదా, చూస్తే గుర్తొస్తుందేమో. లేకపోతే పోయిందనైనా ఒప్పుకుంటారు. ఈ మధ్యలో ఊగులాట చూడలేకపోతున్నాను.”

అప్పుడే చెప్పేయవలసింది. అక్కడున్నది ఆమె, తను, మధ్యలో ఒక బల్ల. అర్థాలయ్య నోరు తెరిచాడు, నోట్లోంచి వచ్చింది మాత్రం ఇంకో అబద్ధం: పాత చీటీలన్నీ కింది గదిలో మూటలు కట్టి ఉన్నాయి, వెతికించాలి, వచ్చే సోమవారం రమ్మన్నాడు. ఆమె రెండు చేతులూ జోడించింది. ఆ దణ్ణం చెంపదెబ్బకంటే గట్టిగా తగిలింది.

ఆ వారమంతా ఆయన తేలు కుట్టిన దొంగలా తిరిగాడు. ఎవరో ఏదో మాటకి అర్థం అడిగితే ‘చూసి చెప్తా’ అన్నాడు, అది విని పక్క బల్లవాళ్ళు ఒంట్లో బాగాలేదేమో అనుకున్నారు. ఇంట్లో భార్య రెండుమూడుసార్లు అడిగి, పుస్తకాల గొడవే అయ్యుంటుందని వదిలేసింది.

గురువారం మధ్యాహ్నం, అందరూ భోజనాలకి వెళ్ళినప్పుడు, ఆయన మాస్టారి నలభై చీటీలూ సొరుగులోంచి తీసి బల్ల మీద పరిచాడు. మాస్టారి ‘క’ తలకట్టు కాస్త పొడుగు. ‘ర్త’ కిందికి జారుతుంది. సిరా నీలం. పాత చీటీ ఒకటి ఖాళీది దొరికింది, అంచులు పచ్చబడ్డది. ఆ ముసలాయనకి మనశ్శాంతి కోసమే కదా అని తనకి తనే నచ్చజెప్పుకుంటూ, ఆ వాక్యాన్ని మాస్టారి దస్తూరీలో రాశాడు. రెండోసారికే అచ్చు గుద్దినట్టు వచ్చేసింది.

అంత బాగా వచ్చాకే ఆయనకి అసలు సంగతి తట్టింది. ఈ చీటీ చూపిస్తే ఆ పెద్దమనిషి తన చేతిరాత తను చూసుకుని, నిజంగానే మతి పోయిందని నమ్ముతాడు. ఇక ఏ డాక్టరూ ఆ నమ్మకాన్ని తీయలేడు. మొదటిసారి రాసింది పొగరుతో. ఇప్పుడు రాసింది పిరికితనంతో, అది ఇంకా నీచం. చీటీని చింపి, చింపిన ముక్కల్ని మళ్ళీ చింపి, చెత్తబుట్టలో వేయడానికి ధైర్యం చాలక జేబులో పెట్టుకున్నాడు. తన మీద తనకే అసహ్యం వేసింది.

భోజనం నుంచి పెద్దాయన రాగానే గదిలోకి వెళ్ళి, నిలబడే అంతా చెప్పాడు. పెద్దాయన కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టాడు. తిడతాడనుకున్నాడు అర్థాలయ్య, తిడితే బాగుండుననుకున్నాడు.

“ఇంకెన్ని?” అన్నాడు పెద్దాయన.

ఇంకేమీ లేవని చెప్పాడు అర్థాలయ్య. అది నిజమే. కాని చెప్తున్నప్పుడు ఆ నిజం కూడా తన చెవులకే అబద్ధంలా వినిపించింది. సంపుటంలో ఆయన పెట్టిన ప్రయోగాలు ఆరువేల పైచిలుకు. అన్నీ మొదటి నుంచీ సరిచూడాలని పెద్దాయన అక్కడికక్కడే పురమాయించాడు. వచ్చే సంపుటంలో తప్పొప్పుల పట్టికలో ఇది వేస్తామన్నాడు, ఎవరి తప్పో కూడా వేస్తామన్నాడు. చివరికి, ముందు వెళ్ళి ఆ పెద్దమనిషికి చెప్పమన్నాడు. అర్థాలయ్య బయటికి వచ్చేసరికి, మూడు బల్లలవాళ్ళు ఆయన సొరుగులు లాగి చీటీలు లెక్కపెడుతున్నారు. ఎవరూ ఆయన మొహం కేసి చూడలేదు. అదే మర్యాద అనుకున్నారు పాపం. ఆయనకి భూమి చీలితే అందులోకి దూరిపోదామనిపించింది.

ఆ సాయంత్రమే వెళ్ళాడు. మాస్టారి ఇల్లు మూడో అంతస్తులో. రెండు గదులు, ఒక చిన్న హార్మోనియం, దాని మీద మడతపెట్టిన తువ్వాలు. గోడకి నేస్తాల పేర్లు రాసిన కాగితాలు వరసగా అంటించి ఉన్నాయి. కూతురు కుర్చీ వేసింది. అర్థాలయ్య కూర్చోలేదు.

“మాస్టారూ, ఆ వాక్యం మీరు రాయలేదు,” అన్నాడు. “నేను రాశాను. మీ పేరు పెట్టాను.”

మాస్టారు వాక్యం మొత్తం చెప్పి, ఇదేనా అని అడిగాడు. అదేనన్నాడు అర్థాలయ్య. అంటే వ్యాసమేదీ లేదా? లేదన్నాడు. అప్పుడు ముసలాయన మొహం ఒక్కసారిగా విచ్చుకుంది. కూతురి చెయ్యి పట్టుకుని, “అమ్మాయ్, నేను రాయలేదటే! నాకేం కాలేదు!” అన్నాడు. అని, నవ్వాడు. కళ్ళలోంచి నీళ్ళు కారుతున్నా నవ్వుతూనే ఉన్నాడు. కూతురు మాత్రం నవ్వలేదు. ఆమె అర్థాలయ్య కేసి చూసిన చూపులో సోమవారం నాటి దణ్ణం లేదు. ఆయన తల వంచుకున్నాడు గాని, లోపల ఎక్కడో, గండం గడిచిందనిపించింది. మనిషి బుద్ధి అంత చెడ్డది.

నవ్వు సర్దుకున్నాక మాస్టారు ఆ పుస్తకం వచ్చి ఎన్నాళ్ళయిందని అడిగాడు. ఎనిమిది నెలలని కూతురు చెప్పింది. ఆయన వేళ్ళ మీద ఏదో లెక్కపెట్టుకుని, లేచి, బీరువాలోంచి ఒక లావుపాటి నోటుపుస్తకం తెచ్చాడు.

ఆస్పత్రిలో దుప్పట్లు ఉతికిన ముసలావిడ ఒకావిడ ఉండేదట. వాళ్ళమ్మ దగ్గర నేర్చుకున్న కీర్తనలు ముప్ఫై ఒకటి వచ్చు ఆవిడకి. ఏ పుస్తకంలోనూ లేనివి. చదువు రాదు. ఎదురుగా ఫోను పెట్టినా, కాగితం పెట్టినా గొంతు పెగిలేది కాదు. అందుకని మాస్టారు ఊరికే కూర్చుని, వారానికొక పాట విని, దారిపొడుగునా దాన్ని మనసులో తిప్పుకుంటూ ఇంటికొచ్చి రాసుకునేవాడు. ముందు పాటలన్నిటి మొదటి పంక్తులూ ఆవిడ చేత చెప్పించి, పేజీకొకటి చొప్పున రాసిపెట్టుకున్నాడు. ఏడు పాటలు పూర్తయ్యాయి. అప్పుడు వచ్చింది ‘క’ సంపుటం.

“సొంత వాక్యమే గుర్తులేనివాడు ఇంకొకరి పాట ఎలా మోసుకొస్తాడు? తప్పు రాస్తే ఆవిడ వాళ్ళమ్మ పాట చెడగొట్టినవాణ్ణవుతాను. అందుకని మానేశాను,” అన్నాడు మాస్టారు. “రెండుసార్లు కబురు పంపింది, రమ్మని. ఆవిడ పోయి రెండు నెలలయింది.”

పుస్తకం అర్థాలయ్య చేతిలో పెట్టాడు. ఏడు పాటలు దాటాక, ఒక్కొక్క పేజీ తిప్పాడు అర్థాలయ్య. పైన ఒక పంక్తి, దాని కింద తెల్లకాగితం. మళ్ళీ ఒక పంక్తి, మళ్ళీ తెల్లకాగితం. ఇరవై నాలుగూ తిప్పేదాకా ముసలాయన పక్కనే నిలబడ్డాడు.

“నీకు వాక్యాలు బాగా వస్తాయి నాయనా,” అన్నాడు మాస్టారు, కోపం లేకుండానే. “ఇవి మాత్రం నింపకు.”