కుండీలో రీలు

మా మనవరాలు తీసే సినిమాల్లో కథలు, పాటలు ఉండవు. నిజం మనుషులనే తీస్తుంది. ఆ తర్వాత ఫిల్ము మీద సూదితో గీస్తుంది, రంగులు పులుముతుంది, ప్రదర్శనల్లో గోడ మీద ఆడిస్తుంది. ఈసారి హీరో ఎవరని అడిగిన పక్కింటావిడకు, "బూజు, పిన్నిగారూ," అని జవాబిచ్చింది.

ఈసారికి మా అక్క రీలు అడిగింది. అక్క మమ్మల్ని వదిలి బస్సెక్కిన రోజున అన్నయ్య తీసినది, నలభై సెకన్లు. ఏడాది తిరక్కుండానే అక్క పోయింది. కదిలే అక్క నాకు మిగిలింది అందులోనే. దాన్ని చూసినవాళ్ళలో మిగిలింది కూడా నేనొక్కదాన్నే. మనవరాలు అడిగింది కదా అని ఇచ్చాను. తీసుకెళ్ళి బాల్కనీలో పూలకుండీలో తడిమట్టి కింద పాతిపెట్టింది. మూడు నెలల్లో మట్టి తిన్నంత తిని వదిలిందే తన సినిమా అట. నకలు తీశావా అని అడిగితే, నకలుంటే భయం ఉండదనీ, భయం లేకపోతే తనకు చెయ్యి ఆడదనీ చెప్పింది. అయినా ఇచ్చిన చేత్తో వెనక్కి అడగలేకపోయాను.

అప్పట్నించీ నాకు ఒకచోట కాలు నిలవలేదు. లేస్తే కుండీ దగ్గరికి, తింటే కుండీ దగ్గరికి. పుస్తకం పడితే వారమంతా అదే పేజీ. వాన పడితే కుండీకి గొడుగు పట్టాను. మట్టికి జలుబు చెయ్యదులే అని మనవరాలు నవ్వింది.

తను బయటికెళ్ళిన ఒక ఉదయం ఇక ఆగలేక తవ్వాను. రీలంతా బూజు, జిగురు. గోరువెచ్చని నీళ్ళలో ముంచి, మెత్తని పాతచీర ముక్కతో తుడిచాను. గుడ్డకు గోధుమరంగు అంటుతుంటే మురికి వదులుతోందని సంతోషించాను. కిటికీ వెలుతురులో పెట్టి చూస్తే, మొదట్లో జానెడు తప్ప ఫిల్ము గాజులా ఖాళీగా ఉంది. మట్టి తినకుండా వదిలిన అక్కను నేను తుడిచేశాను.

మనవరాలు వచ్చి, నేల మీద కూర్చుని, రీలు వేళ్ళ మధ్య జరుపుతూ చాలాసేపు చూసింది. తిట్టినా బాగుండేది.

"మట్టికి మూడు నెలలిచ్చాను. నువ్వు అరగంటలో కానిచ్చావు అమ్మమ్మా."

రీలును యంత్రానికెక్కించింది. గోడ మీద బస్సు తలుపు, ఎవరిదో భుజం, తర్వాత అంతా తెలుపు. అది అలాగే ఉంచుతానంది. కాకపోతే ఆ తెలుపులో ఏముండేదో నేనే చెప్పాలంటూ నా ముందు మైకు పెట్టింది. చెప్పాను. బూడిదరంగు చీర, కుడి భుజానికి సంచి, మెట్టు మీద తడబడిన కాలు.

"ఎక్కాక వెనక్కి తిరిగి చూసిందా?"

ఇన్నేళ్ళూ అందరికీ చూసిందనే చెబుతూ వచ్చాను. ఇప్పుడు కాదనడానికి బొమ్మ కూడా లేదు. చూసిందన్న మాటే నోటిదాకా వచ్చింది.

"లేదు," అన్నాను. "నేను పిలవలేదు కదా. పిలిస్తే ఏడుపొస్తుందని గోడ చాటున నిలబడ్డాను."

రీలు అయిపోయి, చివర టపటప కొట్టుకుంటోంది. ఇంకోసారి వెయ్యమన్నాను. తెల్లటి చోటు రాగానే, ముందు మైకు ఉందన్న సంగతి మరిచిపోయి, "అక్కా," అని పిలిచాను.