నజీరా వండిన పులావు

కోడిముక్కలు ఉడుకుతున్న గిన్నెలో మసాలా మూట తేలుతూ మునుగుతూ ఉంది. పలచటి గుడ్డలో సోంపు, ధనియాలు, లవంగాలు, నల్ల యాలకులు వేసి కట్టిన మూట అది. నజీరా గరిటెతో దాన్ని అడుక్కి నొక్కిపట్టింది. ఎంతసేపు ఉడకనివ్వాలో ఆమెకు తెలియదు. తను పనిచేసిన పెద్దింటి వంటమనిషి మూట ఎప్పుడు తీసేదో గుర్తుచేసుకుందామంటే, ఆ వేళకు తనెప్పుడూ అటు వీపు తిప్పి అంట్లు తోముతూ ఉండేది.

మధ్యాహ్నం రెండింటికి గ్యాస్ పోతుంది. చలికాలంలో ఫైసలాబాద్‌లోని ఆ వీధి మొత్తానికీ అంతే. ఆలోగా వంట అయిపోవాలి.

వాకిట్లో ఎండ పడేచోట, నులకమంచం మీద ఇనాయత్ పడుకుని ఉన్నాడు. నలభై ఏళ్ళు మరమగ్గాల మధ్య నిలబడిన మనిషి. ఆ మోత చెవుల్ని తినేసింది, దూది నలుసులు ఊపిరితిత్తుల్ని తినేశాయి. దుప్పటి కింద మోకాళ్ళు, మోచేతులు తప్ప ఇంకేమీ ఉన్నట్టు లేదు. ఇంటికి తీసుకెళ్ళి అడిగింది పెట్టమన్నారు ఆసుపత్రివాళ్ళు. మూడు రోజులు ఏమీ అడగలేదు. నిన్న సాయంత్రం నోరు తెరిచాడు.

"ఏమే, నీ చేతి పులావు తినాలని ఉంది. ఎన్నాళ్ళయిందో."

నీ చేతి పులావు! నజీరా దుపట్టా కొంగు ముఖానికి అడ్డం పెట్టుకుని లోపలికి వెళ్ళిపోయింది.

ఆమె చేతికి పులావు తెలియదు. ఇరవై రెండేళ్ళు పెద్దింట్లో అంట్లు తోమింది, నేల తుడిచింది. ప్రతి శుక్రవారం అక్కడ విందు. చుట్టాలు సగం తిని వదిలేసిన పళ్ళేల్లోంచి మెతుకులూ ముక్కలూ ఏరి, డబ్బాలో నొక్కి, దుపట్టా కింద దాచుకుని తెచ్చేది. ఇంటికొచ్చాక కాస్త ఉల్లిపాయ వేయించి పైన చల్లి, వేడిచేసి పెట్టేది. మొదటిసారి ఇనాయత్ వేళ్ళు నాక్కుంటూ, "నువ్వే వండావా?" అన్నాడు. అవునంది. ఒకసారి అవునన్నాక కాదనడం ఎలా? కూతురు కౌసర్ పెళ్ళయి వెళ్ళేదాకా ఆ పులావు తినే పెరిగింది. నడుము పడిపోయి నజీరా ఆ పని మానేసి రెండేళ్ళయింది. అప్పట్నుంచి ఇంట్లో పులావు లేదు.

ఉల్లిపాయలు నేతిలో ఎర్రబడుతుంటే గోడవతల నుంచి రజియా కేకేసింది.

"ఏం నజీరా! వీధంతా ఘుమఘుమలాడిపోతోంది! అల్లుడొచ్చాడా?"

"అల్లుడు కాదు, అల్లుడి మామ!"

"అదృష్టవంతుడు! మగ్గాల దగ్గర మీ ఆయన చెబితే విని, నీ పులావు గురించి మా ఆయన ఊదరగొట్టేవాడు. ఇన్నేళ్ళలో ఒక్క పిడికెడైనా గోడ దాటలేదు గానీ!"

నజీరా నవ్వబోయింది గానీ నవ్వు రాలేదు. పెరుగు వేసి ముక్కలు తిప్పింది. కోడి ఉడికిన రసం వడకట్టి పోసింది. నానిన బియ్యం అందులోకి జారవిడిచి, తడిగుడ్డ చుట్టిన మూత పెట్టి, గిన్నెను పెనం మీదికి ఎక్కించింది. మూత తీసేసరికి మెతుకు మెతుకూ విడివిడిగా నిలబడి ఉంది. ఆమెకే ఆశ్చర్యమేసింది.

చిన్న పళ్ళెంలో కొద్దిగా పెట్టి, వీపుకి దిండు ఆనించి కూర్చోబెట్టింది. ఇనాయత్ రెండు ముద్దలు మెల్లగా నమిలాడు.

"బాగుంది," అన్నాడు. ఇంకో నాలుగు మెతుకులు నోట్లో వేసుకుని, "కానీ అది కాదు," అన్నాడు.

బియ్యం మారింది అందామనుకుంది. మాట నాలుక చివరిదాకా వచ్చింది. పళ్ళెంలో ఆ పాత రుచినే వెతుకుతున్నట్టున్న ఆ చేతిని చూశాక బయటికి రాలేదు. మంచం పక్కన గొంతుక్కూర్చుని అతని చెవి దగ్గర నోరు పెట్టింది.

"అది నేను వండింది కాదు."

"ఏంటీ?"

"నేను వండలేదు, అది!"

"గట్టిగా చెప్పవే."

గోడవతల రజియా బట్టలు బాదుతున్న చప్పుడు వినిపిస్తోంది. నజీరా కళ్ళు మూసుకుంది.

"ఎంగిలి! వాళ్ళ పళ్ళేల్లో మిగిలిన ఎంగిలి ఏరుకొచ్చి పెట్టాను నీకు! అన్నేళ్ళూ!"

బట్టల చప్పుడు ఆగిపోయింది.

ఇనాయత్ ఆమె వంక చూడలేదు. చెవిటివాళ్ళ మాట కదా, అతని గొంతు కూడా వీధికి వినపడేలాగే వచ్చింది.

"ముక్కల మీద పంటి గాట్లు నాకు కనపడలేదనుకున్నావా?"

నజీరా కళ్ళు తెరిచింది. "తెలిసీ ఎందుకు తిన్నావయ్యా?"

"బాగుండేది మరి." ఊపిరి అందుకోవడానికి ఆగాడు. "ఇది వద్దని ఒక్కసారైనా అనలేకపోయాను. శుక్రవారం ఎప్పుడొస్తుందా అని ఎదురుచూసేవాణ్ణి. మగ్గాల దగ్గర గొప్పలు చెప్పేవాణ్ణి. తినడానికి వస్తామనేవాళ్ళు తోటివాళ్ళు. ఒక్కణ్ణీ ఇంటికి తేలేదు. ఎక్కడ బయటపడుతుందోనని. నీకెందుకే సిగ్గు? నాకుండాలి."

అతను ఎవర్నీ ఇంటికి తేకపోవడం నజీరాకు తెలుసు. ఇటుకలు తేలిన ఈ గోడల్నీ, పాచిపని చేసే తననీ చూపించుకోలేకే అనుకుంది ఇన్నాళ్ళూ. ఆ సంగతి ఒక్కరోజూ అడగలేదు. ఆమె తల ఎత్తలేకపోయింది.

"ఇది మాత్రం నీదే," అన్నాడు ఇనాయత్ ఇంకో ముద్ద కలుపుతూ. "ఉప్పు తక్కువైంది."

నజీరా గిన్నెలు ముందేసుకుని పంపు దగ్గర కూర్చుంది. తోమిన గిన్నెనే మళ్ళీ తోమింది. ఆపడం మరిచిన పొయ్యి రెండింటికి దానంతటదే ఆరిపోయింది. మసీదులో పొద్దు గుంకకముందు చదివే నమాజుకి పిలుపు వినిపించాక చెయ్యి కడుక్కుని మంచం దగ్గరికి వచ్చింది. ఎండ అతని పాదాల దాకా జరిగింది. నిద్రపోతున్నాడనుకుంది. దుప్పటి సర్దబోతే చెయ్యి చల్లగా తగిలింది.

ఆమె పిలుపుకి రజియా తడిబట్టలతోనే పరుగెత్తుకొచ్చింది. అరమూసిన అతని కళ్ళు పూర్తిగా మూసి, గడ్డానికి గుడ్డ కట్టి, పెదవులు కదుపుతూ ప్రార్థన చదివింది. నజీరా ఆమె ముఖంలోకి చూడలేక నేల చూస్తూ నిలబడింది. గోడవతల నుంచి విన్న మాట రజియా ఎత్తలేదు. నజీరా భుజం మీద చెయ్యి వేసి అంది:

"ఆ పళ్ళెం తియ్యమ్మా. జనం వస్తారు."

నజీరా వంగి మంచం కింద నుంచి పళ్ళెం తీసింది. అందులో ఒక్క మెతుకు లేదు. పళ్ళెం అంచున, తర్వాత తినేవాళ్ళ కోసం జరిపిపెట్టినట్టు, పంటి గాటు పడని కోడికాలి ముక్క ఒకటి ఉంది.